అంటించిన పేజీలు

పెద్ద ఇల్లు,
జూన్ 4

తమ్ముడికి,

నువ్వు కులాసాగానే ఉంటావని నాకు తెలుసు. నా ఉత్తరాలకు జవాబు రాయకపోయినా కులాసాగానే ఉంటావు. ఈసారి మాత్రం తప్పకుండా రాయాలి.

పెద్దోడు ఇల్లు వదిలి ఎనిమిది రోజులైంది. మొదటి నుంచీ చెబుతాను. మీ బావ ఊళ్ళో లేని సమయం చూసి, ఆయనకు ప్రాణమైన ఎర్ర గుర్రాన్ని వాడు అమ్మేసి పడవ కొన్నాడు. "పడవ ఎందుకురా?" అంటే, "గుర్రం నీళ్ళ మీద నడవదు కదమ్మా" అన్నాడు. పైగా పడవను చూడటానికి చుట్టాలందరినీ ఏటి ఒడ్డుకు పిలిచాడు. మీ బావ కోపం దిగమింగుకుని తెల్లచొక్కా వేసుకుని వెళ్ళారు. వాడు ఒడ్డు వదిలి ఇరవై గజాలు పోయాడో లేదో, పడవ ముక్కు నీళ్ళలోకి దిగసాగింది. వాడు నిలబడి అందరికీ చెయ్యి ఊపుతూనే మునిగాడు. లోతు నడుము దాకానే కాబట్టి సరిపోయింది. మా పిడుగు ఒడ్డున నిలబడి అన్న కోసం చప్పట్లు కొట్టింది. ఆ పిల్లకు ఇరవై రెండేళ్ళు వచ్చాయంటే ఎవరైనా నమ్ముతారా?

మర్నాడు మీ బావ వాణ్ణి తనకు తెలిసిన బ్యాంకులో కూర్చోబెట్టారు. మూడు రోజులు కూర్చున్నాడు. నాలుగో రోజు కుర్చీలో ఒక కాగితం ఉంది: "నాన్నా, ఈ పని నాకన్నా ఈ కుర్చీయే బాగా చేస్తోంది." అంతే, మనిషి లేడు.

ఇప్పుడు నా భయం ఏమిటో చెబుతాను. ఈ ఇంట్లో ఇంటి పుస్తకం ఒకటుందని నీకు తెలుసు. ఈ వంశంలో పుట్టిన ప్రతి బిడ్డకూ అందులో ఎదురెదురుగా రెండు పేజీలు ఉంటాయి. పుట్టుక, చదువు, పెళ్ళి, చేసిన మంచి, అన్నీ ఇంటి పెద్ద తన చేత్తో రాస్తారు. ఏటా నవంబరు మొదటి ఆదివారం చుట్టాలందరి ముందూ మొదటి నుంచి చదువుతారు. ఎవరైనా ఇంటి పరువు తీస్తే ఆ రెండు పేజీలకూ జిగురు పూసి ముఖాముఖి అంటించేస్తారు. ఆ తర్వాత వాళ్ళ పేరు ఈ ఇంట్లో ఎవరూ ఎత్తరు. చదివేటప్పుడు ఆ దళసరి పేజీ తిరగేస్తే ఒక చప్పుడు వస్తుంది. ఇరవై అయిదేళ్ళుగా వింటున్నాను.

ఈ నవంబరులో వాడి పేజీ అంటిస్తానని మీ బావ అన్నారు. ఆయన మాట అంటే మాటే.

నీకు వాడి ఆచూకీ ఏమైనా తెలుసా?

నీ అక్క

*

బైండింగ్ షాపు,
జూన్ 15

అక్కకు,

ఉత్తరం అందింది. గుర్రం సంగతికి బాధపడ్డాను. పడవ సంగతికి నవ్వుకున్నాను. బావగారితో అనకు.

పెద్దోడు ఎక్కడున్నా క్షేమంగానే ఉంటాడు.

ఇక్కడ పని ఎక్కువగా ఉంది. వకీలుగారి పుస్తకాలు నలభై వచ్చాయి. ఒక కొత్త మనిషిని పెట్టుకున్నాను. బాగా పొడుగు. మా గది మెట్ల కింద కాబట్టి రోజుకు రెండుసార్లు తల దూలానికి కొట్టుకుంటాడు. జిగురు పని చేతకాదు. కుట్టు మాత్రం మొదటి రోజే కుదిరింది. కూరలో ఉల్లిపాయ ముక్కలు ఏరి కంచం అంచున వరసగా పేరుస్తాడు. అలాంటివాళ్ళకు ఎలా వండాలో నీకు తెలిస్తే రాయి.

తమ్ముడు

*

పెద్ద ఇల్లు,
జూన్ 24

తమ్ముడికి,

నీ జన్మలో నాకు పదకొండు రోజుల్లో జవాబు రాయడం ఇదే మొదటిసారి. అందులో సగం ఉల్లిపాయల గురించి. సంతోషం.

అలాంటివాళ్ళను నేనెరుగుదును. ఉల్లిపాయలు సన్నగా తరిగి బాగా మగ్గనియ్యి. కంటికి కనపడకపోతే తింటారు. రెండోసారి అడిగితే వడ్డించు, మూడోసారి అడిగితే వద్దను, లేకపోతే కడుపు పట్టుకుని కూర్చుంటారు. పొద్దున్నే లేపాలంటే పేరు పెట్టి పిలవకు, కిటికీ తెరిచెయ్యి. కోప్పడితే నవ్వుతారు. నవ్వు చూసి నువ్వూ నవ్వితే ఇక ఆ రోజు పని సాగదు.

పెద్దోడి సంగతి ఏమీ తెలియలేదని మీ బావకు చెప్పాను. అది అబద్ధం కాదు. నాకెవరూ చెప్పలేదు.

చలికాలానికి నీకోసం ఒక స్వెటర్ అల్లడం మొదలుపెట్టాను. కొలత కాస్త పెద్దదిగా వస్తోంది. యాభై ఏళ్ళు దాటాక కూడా మనిషి పెరగవచ్చు కదా.

ఇక్కడ పిడుగు రోజూ మధ్యాహ్నం సంగీతం క్లాసు అని చెప్పి వెళుతోంది. నెలైంది. ఇంతవరకూ ఇంట్లో ఒక్క కూనిరాగం వినపడలేదు. నాకేదో అనుమానంగా ఉంది.

నీ అక్క

*

బైండింగ్ షాపు,
ఆగస్టు 2

అక్కకు,

స్వెటర్ అందింది. నాకు మోకాళ్ళ దాకా వచ్చింది. చేతులు ఎక్కడున్నాయో వెతుక్కోవలసి వచ్చింది. కొత్త మనిషికి ఇచ్చాను. కొలిచి అల్లినట్టు సరిపోయింది. చలికాలం రాకముందే తొడుక్కుని తిరుగుతున్నాడు. వద్దన్నా వినడు.

వకీలుగారి పుస్తకాల్లో ఒకదానికి అట్ట తలకిందులుగా వేశాడు. వకీలుగారు వచ్చి కేకలేశారు. "ఏమయ్యా, ఈ చట్టం చదవాలంటే నేను తలకిందులుగా నిలబడాలా?" అన్నారు. మనవాడు, "అట్ట వైపు చూడకండి సార్, లోపల చట్టం నిటారుగానే ఉంది" అన్నాడు. ఆయన నవ్వి ఇంకో ఇరవై పుస్తకాలు ఇస్తానన్నారు. ఇరవై ఏళ్ళుగా ఆయన నా దగ్గరికి వస్తున్నారు. నవ్వగా చూడటం ఇదే మొదలు.

తలకిందులైన అట్టను మనవాడే ఊడదీసి మళ్ళీ వేశాడు. సాయంత్రం దాకా తల ఎత్తలేదు. ఇష్టమైన పని దొరికిన మనిషిని చూస్తే తెలుస్తుంది.

తమ్ముడు

*

పెద్ద ఇల్లు,
సెప్టెంబరు 2

తమ్ముడికి,

నా అనుమానం నిజమైంది. ఎలా బయటపడిందో చెబితే నువ్వు నవ్వుతావు.

కొత్త సినిమా హాలు తెరిచారు. యజమాని స్వయంగా వచ్చి పిలిస్తే మీ బావ నన్ను వెంటబెట్టుకుని మధ్యాహ్నం ఆటకు వెళ్ళారు. గుమ్మం దగ్గర నీలం కోటు, నీలం టోపీ పెట్టుకుని మన పిడుగు నిలబడి ఉంది. టికెట్లు చింపుతోంది. మీ బావ ఆగిపోయారు. వెనక జనం తోసుకుంటున్నారు. అది ఒక్క క్షణం తెల్లబోయి, తేరుకుని, చెయ్యి చాచింది.

"టికెట్ నాన్నా."

ఆయన ఇచ్చారు. ఇవ్వక ఏం చేస్తారు? అది చింపి సగం ఆయన చేతిలో పెట్టి, "ఎడమ పక్క, మూడో వరస. మెట్టు ఉంది, చూసుకుని నడవండి" అంది.

మూడో వరసలో కూర్చుని ఆట అంతా చూశారు. ఇంటికి వచ్చాక, "సినిమా ఎలా ఉంది?" అని అడిగాను, ఏదో ఒకటి మాట్లాడించాలని. "సీట్లు బాగున్నాయి" అన్నారు.

సాయంత్రం దాన్ని పిలిచి అడిగారు.

"నీకేం తక్కువైందని?"

"ఏమీ తక్కువ కాలేదు నాన్నా. అక్కడ అందరూ నావైపు చూసి, టికెట్ ఇచ్చి, లోపలికి వెళ్ళిపోతారు. నేనెవరి కూతురినో ఒక్కరూ అడగరు. నాకు హాయిగా ఉంటుంది."

"మానేస్తావా, మానవా?"

"మాననండీ."

ఆ 'అండీ' ఎందుకు తగిలించిందో దానికే తెలియాలి. ఎప్పుడూ అనదు.

"సరే. ఇద్దరి పేజీలూ అంటిస్తాను" అని ఆయన లేచి బీరువాలోంచి ఇంటి పుస్తకం తీశారు. తీయడంలో దాని వెన్ను విరిగింది. పేజీలు రెండు ముక్కలుగా ఆయన చేతుల్లోకి వచ్చాయి. నూట యాభై ఏళ్ళ పుస్తకం. ఆయన ముఖం చూడలేకపోయాను.

కాసేపటికి, "మీ తమ్ముడి దగ్గరికి పంపు. నవంబరులోగా కావాలి" అన్నారు. ఈ ఊళ్ళోనే ఇద్దరు బైండర్లు ఉన్నారు. "వాళ్ళ కుట్టు నాకు నచ్చదు" అన్నారు. వాళ్ళ కుట్టు ఆయన ఎప్పుడు చూశారో నాకు తెలియదు.

డ్రైవరుతో పంపుతున్నాను. పైన కాగితం ఆయనే రాసి అంటించారు. చూడు.

నీ అక్క

*

బైండింగ్ షాపు,
సెప్టెంబరు 14

అక్కకు,

పుస్తకం క్షేమంగా చేరింది. "అంటించిన పేజీలు విప్పరాదు" అన్న కాగితం చూశాను. విప్పలేదు. అయినా నీకొక సంగతి రాయక తప్పడం లేదు.

ఇచ్చిన పుస్తకం ఇచ్చినట్టు తిరిగి పంపాలన్నది మా పనిలో మొదటి నియమం. లోపల ఎండిన పువ్వు ఉన్నా, నలిగిన రసీదు ఉన్నా, ఉన్న పేజీలోనే పెట్టి పంపుతాను. ఇంటి పుస్తకంలో అంటించిన జంటలు ఏడు ఉన్నాయి. ఆరింటికి జిగురు నిండుగా పూశారు. అట్టలా గట్టిపడ్డాయి. ఏడోది వేరు. దానికి పక్క అంచునా, కింది అంచునా మాత్రమే సన్నగా పూశారు. పైవైపు పూయనే లేదు. అంటే అది మూతపడిన పేజీ కాదు, సంచీ. మరిచిపోయి అలా వదిలేశారనుకోవడానికి లేదు. పూసిన చెయ్యి చాలా శ్రద్ధగా గీత గీసినట్టు పూసింది.

వెన్ను మీది పాత జిగురు గీకడానికి పుస్తకాన్ని తలకిందులుగా పెట్టాం. ఆ సంచీలోంచి చీటీలు రాలాయి. పదకొండు. పుస్తకం వెన్ను అక్కడే విరగడానికి కారణం ఇవే. లోపల ఉబ్బుతూ వచ్చి ఇన్నాళ్ళకు కుట్టు తెంచాయి.

నేను చదవకూడదు. కింద పడినవి ఏరేటప్పుడు ఒకటి కంటబడింది. "ఈ రోజు వాడి పెళ్ళి జరిగిందట. పిల్ల బడిపంతులు కూతురు. నేను వెళ్ళలేదు. అందరూ వానలో తడిశారట" అని ఉంది.

అక్కా, మన నాన్న బడిపంతులు. నీ పెళ్ళిలో వాన నాకు గుర్తుంది. అది బావగారి పేజీ. అంటించింది మీ మామగారు.

నేను ఆ ఒక్కటే చదివాను. కొత్త మనిషి పదకొండూ చదివాడు. వద్దనలేకపోయాను. చదివాక పెరట్లోకి వెళ్ళి చాలాసేపు కూర్చున్నాడు.

ఇప్పుడు ఏం చెయ్యమంటావు? ఉన్నవి ఉన్నట్టు లోపల పెట్టి పంపెయ్యనా?

తమ్ముడు

*

పెద్ద ఇల్లు,
సెప్టెంబరు 23

తమ్ముడికి,

నీ ఉత్తరం నాలుగుసార్లు చదివాను.

పెళ్ళయ్యాక రెండేళ్ళు మేము అద్దె గదిలో ఉన్నాం కదా. మామగారు మమ్మల్ని ఇంటికి రానివ్వలేదు. ఆయన పోయాకే, వేరే వారసుడు లేక, చుట్టాలు మీ బావను పిలిచారు. ఇక్కడికి వచ్చిన కొత్తలో ఒకసారి అడిగాను, "మీ పేజీ కూడా అంటించారా?" అని. "లేదు. చివర్లో నాన్న మెత్తబడ్డాడు" అన్నారు. నమ్మాను. ఏటా ఆయన తన పేజీ కూడా చదివేవారు. పుట్టిన తేదీ, బడిలో వచ్చిన బహుమతి, గుర్రం మీంచి పడి చెయ్యి విరగడం, అన్నీ. ఇప్పుడు గుర్తొస్తోంది, అక్కడికి వచ్చేసరికి ఆయన చూపు పుస్తకం మీద ఉండేది కాదు, కిటికీ మీద ఉండేది. అంతా నోటికే చెప్పేవారన్నమాట. ఇంటి పెద్ద కాబట్టి చుట్టాలు కూడా ఎవరూ నోరెత్తలేదు. నా కోసం తన పేజీ పోగొట్టుకున్నారని నాకు తెలియకూడదని ఇరవై అయిదేళ్ళు అలా చెప్పారు.

దాచే ఓపిక నాకు లేదు. మర్నాడు పొద్దున టిఫిన్ తింటుండగా చెప్పేశాను.

"మీ పేజీలోంచి చీటీలు రాలాయట."

చెంచా పళ్ళెంలో పెట్టారు. "విప్పారా?"

"ఎవరూ విప్పలేదు. పైవైపు మామగారు అసలు అంటించనే లేదట. మీరెప్పుడూ చూడలేదా?"

"ఆ పేజీని నేనెప్పుడూ విడిగా ముట్టుకోలేదు, పక్క పేజీలతో కలిపి తిప్పేసేవాణ్ణి" అన్నారు.

లేచి వరండాలోకి వెళ్ళి పూలకుండీలకు నీళ్ళు పోశారు. బయట వాన పడుతూనే ఉంది. అన్ని కుండీలకూ పోసి వచ్చి కూర్చున్నారు.

"ఎన్ని?"

"పదకొండు."

"వాడు చదివాడా?"

"ఎవడు?"

"మీ తమ్ముడి దగ్గరున్న పొడుగోడు."

"మీకెలా తెలుసు?" అన్నాను.

"నెల రోజులు నా ఎదురుగా కూర్చుని, నా పాత స్వెటర్‌తో కొలత చూసుకుంటూ మీ తమ్ముడికి అల్లావు. మీ తమ్ముడు నా భుజం దాకా కూడా రాడు."

అయితే తెలిసే పుస్తకం అక్కడికి పంపారన్నమాట. అది అడిగితే మళ్ళీ కుట్టు సంగతే ఎత్తారు.

నాకూ మొదటి నుంచీ తెలుసురా. నీ ఉల్లిపాయలతోనే తెలిసింది. నువ్వు చెప్పకుండా ఉన్నంతకాలం నేను ఆయనకు అబద్ధం చెప్పనక్కర్లేదని ఊరుకున్నాను. నువ్వూ అందుకే చెప్పలేదని అనుకుంటాను.

చీటీలు ఉన్నచోటే పెట్టి పంపమన్నారు. పిల్లల పేజీల సంగతి అడిగాను. "ఆ రోజు చూద్దాం. అత్తను జిగురు మాత్రం కలిపి ఉంచమను" అన్నారు. అత్త అంటే ఆయన మేనత్త. ఎనభై ఏళ్ళ మనిషి. ఈ ఇంట్లో జిగురు కలిపే హక్కు ఆవిడదే. వెళ్ళి చెబితే, "ఎంత కలపాలి? ఒకరికా, ఇద్దరికా?" అని అడిగింది. రెండు వేళ్ళు చూపించాను.

నీ అక్క

*

బైండింగ్ షాపు,
అక్టోబరు 19

అక్కకు,

పుస్తకం పూర్తయింది. కుట్టింది పెద్దోడే. నేను చెయ్యి పెట్టలేదు. అట్ట ఈసారి నిటారుగానే ఉంది.

చీటీల మందానికి మళ్ళీ వెన్ను విరగకుండా ఒక ఏర్పాటు చేశాం. పేజీల మధ్య, కుట్టులోకి, సన్నటి కాగితపు పట్టీలు వేస్తే లోపల కొంత జాగా మిగులుతుంది. తర్వాత ఏమి చేర్చినా పుస్తకం తట్టుకుంటుంది. "ఎన్ని పట్టీలు వెయ్యను మామయ్యా?" అని అడిగాడు. చీటీల మట్టుకు చాలన్నాను. వాడు పుస్తకం పొడుగునా వేశాడు.

తనే తీసుకొస్తానంటున్నాడు. వాడి మాటలు ఉన్నవి ఉన్నట్టు రాస్తున్నాను: "గుర్రానికి క్షమాపణ చెబుతాను. బ్యాంకుకు కూడా చెబుతాను. బైండింగ్‌కు చెప్పను. పేజీ అంటిస్తే అంటించనీ. నేను సోమవారానికి పనిలో ఉంటాను."

మాట గట్టిగానే అన్నాడు. ఆ తర్వాత పట్టకారు అనుకుని కత్తెర అందుకుని వేలు కోసుకున్నాడు. కట్టు కట్టాను. భయపడకు.

తమ్ముడు

*

పెద్ద ఇల్లు,
నవంబరు 6

తమ్ముడికి,

నువ్వు వస్తావని చూశాను. రావని తెలిసే చూశాను. కాబట్టి అంతా రాస్తాను.

పెద్దోడు శనివారం మధ్యాహ్నం వచ్చాడు. పుస్తకం ఛాతీకి హత్తుకుని, ఆ స్వెటర్‌తో. మీ బావ వాకిట్లోనే ఉన్నారు. పుస్తకం అందుకుని వెన్ను మీద బొటనవేలు నడిపారు. తర్వాత అడిగారు.

"గుర్రాన్ని ఎవరికి అమ్మావు?"

"పాల వ్యాపారికి నాన్నా. తప్పయింది. అది బాగానే ఉంది. ఇప్పుడు కూడా చూసే వస్తున్నాను."

"బక్కచిక్కిందా?"

"లావయింది."

"ఊఁ" అని లోపలికి వెళ్ళిపోయారు.

ఈ రోజు పొద్దున హాలు నిండిపోయింది. చుట్టాలు ఇంతమంది ఎప్పుడూ రాలేదు. ఇద్దరి పేజీలు అంటిస్తారని తెలిసి వచ్చారు, ఇంకెందుకు? పిడుగు మ్యాట్నీకి సెలవు పెట్టి వచ్చి అన్న పక్కన కూర్చుంది. మేనత్త జిగురు గిన్నె ఒళ్ళో పెట్టుకుని ముందు వరసలో కూర్చుంది.

మీ బావ చదవడం మొదలుపెట్టారు. దళసరి పేజీలు వచ్చినప్పుడల్లా ఆ చప్పుడు. ఒకటి, రెండు, ఆరు. తన పేజీ దగ్గరికి వచ్చారు. కిటికీ వైపు చూస్తారేమోనని చూశాను. చూడలేదు. సంచీలో రెండు వేళ్ళు పెట్టి చీటీలు పైకి తీశారు. అప్పటిదాకా ఆయన కూడా చదవలేదు. శనివారం రాత్రంతా బల్ల మీద ఉన్నా ముట్టుకోలేదు.

నాకు గుర్తున్నవి రాస్తున్నాను. మామగారు మాటలు పొదుపుగా వాడే మనిషని అందరూ అంటారు. నిజమే.

"వాడు పొద్దున్నే లేచి పనికి వెళుతున్నాడట. ఇంట్లో ఉండగా ఒక్కరోజూ లేవలేదు."

"ఈ రోజు ఆ పిల్ల బజారులో ఎదురైంది. నేనెవరో తెలియక పోస్టాఫీసుకు దారి అడిగింది. గొడుగు లేదు. పోస్టాఫీసు దాకా నడిచాను. వాడికి మంచి కోటు కుట్టించాలని చెప్పింది. ఎవరికని అడగలేదు."

తమ్ముడూ, ఆ ముసలాయన నాకు గుర్తున్నాడు. గొడుగు నావైపే పట్టి తను ఒక భుజం తడిసిపోయాడు. హాల్లో ఉన్న బొమ్మలో మామగారికి ముప్ఫై ఏళ్ళు, పెద్ద మీసం. ఎలా పోల్చుకుంటాను? పిడుగు నా చెయ్యి పట్టుకుంది.

చివరి చీటీ ఇది: "మనవడు పుట్టాడు. ఏ పేజీలో రాయాలో తెలియలేదు. ప్రస్తుతానికి ఇక్కడ పెడుతున్నాను. వచ్చే ఆదివారం వెళ్ళి చూసి వస్తాను."

ఆ ఆదివారానికి ఆయన లేరు.

మీ బావ చీటీలన్నీ సరిగ్గా పేర్చి మళ్ళీ సంచీలో పెట్టారు. అప్పుడు మేనత్త గొంతు వినిపించింది.

"ఆ రోజు నీకోసం కలిపిన జిగురు సగానికి సగం మిగిలిందిరా. మా అన్న పలచగా పూశాడేమో అనుకున్నాను. ఇన్నేళ్ళు అదే అనుకున్నాను."

"నాతో అనొచ్చు కదా అత్తా?"

"జిగురు గురించి ఎవరడిగారు నన్ను?"

తర్వాత పిల్లల పేజీలు వచ్చాయి. మీ బావ పెద్దోడి పేజీ తెరిచి చాలాసేపు చూశారు. మేనత్త గిన్నె ఎత్తి పట్టుకుంది.

"ఏమిరా, ఆరిపోతోంది."

"ఆరనీ అత్తా" అని కలం తీశారు. రాస్తూ పైకి చదివారు. "గుర్రాన్ని అమ్మాడు. పడవ ముంచాడు. బ్యాంకులో మూడు రోజులు ఉన్నాడు. పుస్తకాలు కుడతాడు. ఈ పుస్తకం కుట్టింది వీడే. కుట్టు బాగుంది."

పిడుగు పేజీలో ఇలా రాశారు: "సినిమా హాల్లో టికెట్లు చింపుతుంది. తండ్రి టికెట్ కూడా చింపింది. మెట్టు ఉందని చెప్పింది."

అది నవ్వింది. ఏడుస్తూనే నవ్వింది. చుట్టాల్లో ఒకాయన లేచి, "ఇదేం పద్ధతి? ఇవి కూడా రాస్తారా?" అన్నాడు. మీ బావ ఆయనవైపు చూసి, "జాగా చాలా ఉంది. వాడు పట్టీలు ఎక్కువ వేశాడు" అన్నారు.

మేనత్తకు మాత్రం కోపం వచ్చింది. "మరి దీన్నేం చెయ్యను, పొద్దున్నించీ కలిపితే!" అంది. మీ బావ పెద్దోడికిమ్మన్నారు, అట్టలకు పనికొస్తుందని. వాడు గిన్నెలో వేలు ముంచి చూసి, "ఉండలు కట్టింది నానమ్మా" అన్నాడు.

"ముగ్గురి పేజీలు అంటించిన జిగురురా నాది! నిన్న గాక మొన్న పనిలో చేరి నాకు వంక పెడతావా, వెధవా!"

హాలంతా నవ్వారు. ఆ హాల్లో నవ్వు నేను వినలేదు, ఇన్నేళ్ళలో.

వాడు రేపు పొద్దున్న బస్సుకు నీ దగ్గరికి వస్తున్నాడు. మీ బావ కూడా వస్తానంటున్నారు. ఎందుకో చెప్పలేదు. పుస్తకం చేతిసంచీలో పెట్టుకున్నారు.

నీ అక్క

*

బైండింగ్ షాపు,
నవంబరు 10

అక్కకు,

ఇద్దరూ క్షేమంగా చేరారు. బావగారు గుమ్మంలోనే తల దూలానికి కొట్టుకున్నారు. పెద్దోడు, "వంగి రమ్మని చెప్పడం మరిచిపోయాను నాన్నా" అన్నాడు. నుదుటి మీద చిన్న బొప్పి. తగ్గుతోంది.

రాగానే పుస్తకం బల్ల మీద పెట్టి, "మిగతా ఆరూ విప్పగలవా?" అని అడిగారు. ఆలోచించి చెప్పమన్నాను. దారంతా ఆలోచించానన్నారు.

విప్పవచ్చు. పాత సిరా, తడికి చెదరదు. కెటిల్ ఆవిరి పడుతూ, తడి అద్దుడు కాగితం వేస్తూ, అంచు నుంచి వెంట్రుకవాసి చొప్పున బద్దతో లేపుతూ పోవాలి. తొందరపడితే కాగితం చిరుగుతుంది. రోజుకు ఒక జంట కూడా కాదు. బావగారికి ఆ మాట చెప్పాను. కోటు విప్పి కుర్చీకి తగిలించి, కెటిల్ తనే పట్టుకున్నారు. బద్ద పెద్దోడి చేతిలో. నేను దీపం పట్టుకున్నాను. మా ముగ్గురికీ ఆ గదిలో చోటు చాలలేదు. తండ్రీకొడుకులు ఒకరిమీద ఒకరు విసుక్కున్నారు. "కాస్త ఎత్తి పట్టు నాన్నా." "ఎత్తే పట్టాను, నువ్వు చూసుకో."

రెండు రోజులకు, నిన్న సాయంత్రం, మొదటి జంట విడిపోయింది. చాలావరకు పాడైపోయింది. ఆడపిల్ల. ఎందుకు అంటించారో రాసిన చోట జిగురు కాగితాన్ని తినేసింది. పుట్టిన తేదీ ఉంది. ఎర్ర మిరపకాయలు తిని ఏడ్చిందని ఒక వాక్యం ఉంది, అప్పుడు మూడేళ్ళు. పైన పేరు స్పష్టంగా ఉంది.

బావగారు ఆ పేరు రెండుసార్లు పైకి చదివారు. తన తాతగారి చెల్లెలు అయి ఉండాలన్నారు. అలాంటి మనిషి ఒకరున్నారని ఆయనకు తెలియదు. మూడోసారి పెద్దోడు చదివాడు.

మిగిలినవి అయిదు. బావగారు ఇక్కడే ఉంటారు. చలిగా ఉంది, ఇంకో స్వెటర్ పంపమన్నారు.

తమ్ముడు